వేలూరులో ఖిరాఅత్ పాఠం, గుడియాత్తంలో ఒక అక్షరం

ఖురాన్ పఠించే ఖారీ అంటే గొంతు బాగున్నవాడు అనుకొని ఈ పనిలోకి దిగే పిల్లలు ఏటా నాకు కనబడుతూనే ఉండేవాళ్లు. చెవి వెనక అరచెయ్యి పెట్టుకొని, కళ్లు మూసుకొని, ఒక్క ఊపిరిలో ఎంత దూరం పోగలరో చూపించి, "ఎట్లుండాది హజరత్?" అని అడిగేవాళ్లు. "ఊపిరి బాగుండాది నాయనా, ఈత నేర్చుకో, పనికొస్తుంది" అనేవాణ్ని. కోపం తెచ్చుకున్నవాళ్లు వెళ్లిపోయేవాళ్లు. నవ్వినవాళ్లు ఉండిపోయేవాళ్లు. ఖారీలు అయినవాళ్లంతా నవ్వినవాళ్లలోనుంచే వచ్చారు.

వేలూరులో ఒక మదరసాలో చాలాకాలం ఖిరాఅత్ చెప్పి, పోయిన ఏడాది మానుకున్నాను. మానుకున్న రోజు శాలువా కప్పారు, బిర్యానీ పెట్టారు, మాట్లాడమంటే నాకు మాట రాలేదు. అప్పుడు చెప్పలేకపోయినవి ఇప్పుడు రాస్తున్నాను. ఈ పనికి రాబోయే పిల్లల కోసమే రాస్తున్నాను కాబట్టి తీపి మాటలు తక్కువగా ఉంటాయి.

తెలుగులో ఎందుకంటారా? మేం నూర్‌బాషాలం, దూదేకులవాళ్లం. ఇంట్లో తెలుగే. గుడియాత్తంలో నేతగాళ్ల వీధి పక్కనే మా వీధి. వాళ్లు లుంగీలు నేసేవాళ్లు, మేం దూది ఏకి పరుపులు కుట్టేవాళ్లం. ఇద్దరిదీ ఒకే తెలుగు, బడి తమిళంలో కాబట్టి దాన్ని రాయడం మాత్రం ఇద్దరికీ రాదు. నాకు తెలుగు అక్షరాలు గడ్డం నెరవడం మొదలైనాక కడప నుంచి వచ్చిన ఒక శిష్యుడు నేర్పాడు. నేను వాడికి గొంతులో పలికే అరబ్బీ అక్షరాలు చెబితే, వాడు నాకు గుణింతాలు దిద్దించాడు. ఇద్దరిలో మొండి విద్యార్థిని నేనే.

పని ఏమిటంటే

ఖురాన్ ఒక్కటే. దాన్ని పలికే తీరులు మాత్రం తొలికాలం నుంచీ కొన్ని ఉన్నాయి. మదీనా, మక్కా, బస్రా, డమాస్కస్, కూఫా ఊళ్లలో గొప్ప గురువులు తాము విన్నది విన్నట్టు శిష్యులకు అప్పగించారు. వాటినే ఖిరాఅత్‌లు అంటాం. తేడాలు చిన్నవి. ఒకరు దీర్ఘం తీసిన చోట ఇంకొకరు తీయరు. ఒకరు ఆగిన చోట ఇంకొకరు ఆగరు. మన దేశంలో ఏ మసీదుకు పోయినా వినబడేది కూఫా నుంచి వచ్చిన హఫ్స్ పద్ధతి. మొరాకో, అల్జీరియా వైపు వినబడేది మదీనా నుంచి వెళ్లిన వర్ష్ పద్ధతి.

వర్ష్‌లో కొన్ని చోట్ల "ఆ" అనే ధ్వని "ఏ" వైపు కాస్త ఒరుగుతుంది. ఇది ఉర్దూ ఇళ్ల పిల్లలకు చెప్పాలంటే నాకు ప్రాణం పోయేది. తెలుగు పిల్లలకు సులువు. గుంటూరు వైపు వాళ్లు "వచ్చాడు" అనేటప్పుడు ఆ "చా" వినండి. అది పూర్తిగా ఆ కాదు, ఏ కూడా కాదు. అంతే, ఆ ఒరుగుడే కావాలి. మా చిత్తూరు, గుడియాత్తం పిల్లలు "వచ్చినాడు" అంటారు కాబట్టి వాళ్లు ఆ ధ్వనిని గుంటూరు వాళ్ల దగ్గర అరువు తెచ్చుకోవాలి. ఒకసారి అలా అరువు ఇచ్చిన గుంటూరు పిల్లవాడు నెలరోజులు మా తరగతిలో పెళ్లికొడుకులా తిరిగాడు.

ఇది పుస్తకం చూసి నేర్చే విద్య కాదు. గురువు ముందు కూర్చొని, మొదటి నుంచి చివరి దాకా చదివి వినిపించాలి. ఆయన విని, ఒప్పుకొని, సనద్ ఇవ్వాలి. సనద్ అంటే, నేను ఫలానా గురువు దగ్గర విన్నాను, ఆయన తన గురువు దగ్గర విన్నారు అంటూ ప్రవక్త దాకా వెళ్లే పరంపర. నోరు మంచిదైతే ఊరు మంచిదంటారు. మా పనిలో చెవి మంచిదైతేనే నోరు మంచిదవుతుంది.

ఇప్పుడు పిల్లలు ఫోన్‌లో విని నేర్చుకుంటున్నారు. నేర్చుకోండి, నేను తిట్టను. ఫోన్ మీకు తప్పు చెప్పదు. కానీ మీ తప్పు అది వినదు. మీ తప్పు వినడానికి ఒక మనిషి కావాలి, అతను మొహమాటం లేనివాడై ఉండాలి.

ఉస్తాద్ వేలు

మా ఉస్తాద్ అలాంటి మనిషి. పేరు రాస్తే ఆయనకు నచ్చదు, రాయను. తప్పు చదివితే ఏది తప్పో చెప్పేవారు కాదు. బల్ల మీద చూపుడు వేలితో ఒకసారి తట్టేవారు. మళ్లీ చదవాలి. మళ్లీ తట్టేవారు. ఒక మాట దగ్గర వారం రోజులు తట్టించుకున్న వాళ్లున్నారు. ఆ వారంలో ఏడ్చినవాళ్లున్నారు, ఇంటికి బస్సెక్కినవాళ్లున్నారు. ఇంత కఠినం అవసరమా అని అప్పుడు నాకూ అనిపించింది. ఇప్పుడూ పూర్తిగా అవసరమని అనను. నేను పాఠం చెప్పేటప్పుడు తప్పు ఎక్కడుందో నోరు తెరిచి చెప్పాను. తట్టే అలవాటు మాత్రం ఆయన దగ్గర నుంచి నా వేలికి కూడా అంటుకుంది.

ఆయన రెండు మాటలు పదేపదే చెప్పేవారు. ఒకటి, ఒక పద్ధతిలో ఇంకో పద్ధతి కలపొద్దు. రెండు, తెలియని జనం ముందు తెలియని పఠనం చదవొద్దు.

మొదటి మాట ఎందుకన్నారో నేను చదువుకునే రోజుల్లోనే, మదరసా వార్షికోత్సవం నాడు తెలిసింది. అప్పుడు మా మదరసాకు పెద్దగా ఉన్నాయన కలుపుగోలు మనిషి, జనం మెచ్చితే చాలనుకునేవాడు. అతిథులు వచ్చారని, మా జతగాడొకణ్ని పిలిచి, "ఏదైనా కొత్తగా చదువు" అన్నాడు. వాడు ఒకే వాక్యంలో సగం హఫ్స్, పావు వర్ష్, మిగిలింది బస్రా తీరులో చదివి పడేశాడు. జనం "సుభానల్లా" అని కేకలు. పెద్దాయన మొహం వెలిగిపోయింది. ఉస్తాద్ మాత్రం చెప్పులు వేసుకొని వెళ్లిపోయారు.

మర్నాడు వాణ్ని అడిగారు: "నిన్న చదివింది ఎవరి దగ్గర విన్నావు?"

"మీ దగ్గరే, ఉస్తాద్. ప్రతి మాటా మీ దగ్గరే విన్నాను."

"మాటలు నా దగ్గర విన్నావు. ఆ కలపడం ఎవరి దగ్గర విన్నావు?"

అలా ఎవరూ చదవలేదు, ఎవరూ వినలేదు. మా నేతవీధి భాషలో చెప్పాలంటే, సగం ఈ మగ్గం మీద, సగం ఆ మగ్గం మీద నేసిన లుంగీ కట్టుకోడానికి పనికిరాదు. పై అధికారి చప్పట్లు కావాలని అడిగితే మర్యాదగా తప్పించుకోండి. ఆయన బదిలీ అయిపోతాడు, మీ నోరు మీతోనే ఉంటుంది.

రెండో మాట ఎందుకన్నారో తెలియడానికి నాకు తల నెరిసేదాకా పట్టింది.

జలీల్ చదివిన ఫజర్

నేను పని మానుకొనే ముందు సంగతి. జలీల్ మా వీధి పిల్లవాడే. వాళ్ల నాయన సైకిల్ మీద పరుపులు కట్టుకొని కే.వి.కుప్పం, అణైకట్ పల్లెలు తిరిగి అమ్మేవాడు. జలీల్ నా దగ్గర హఫ్స్ ముగించాడు, వర్ష్ ముగించి సనద్ తీసుకున్నాడు. నా శిష్యుల్లో అంత శుభ్రంగా వర్ష్ చదివినవాడు ఇంకొకడు లేడు. మా వీధి మసీదులోనే వాడికి ఇమాం పని దొరికింది. వాళ్ల నాయన సైకిల్ అమ్మేసి ఇంట్లో కూర్చున్నాడు, కొడుకు వెనక నిలబడి నమాజు చేసుకోవడమే ఇంక నా పని అని.

ఒకరోజు ఫజర్ నమాజులో, అంటే తెల్లవారుజాము నమాజులో, జలీల్ వర్ష్ పద్ధతిలో చదివాడు.

ఖురాన్ మొదటి అధ్యాయమైన, ప్రతి నమాజులో చదివే ఫాతిహా సూరాలో మనవాళ్లంతా "మాలికి" అని దీర్ఘం తీసే చోట వర్ష్‌లో "మలికి" అంటారు. దీర్ఘంతో అంటే తీర్పు దినానికి యజమాని, దీర్ఘం లేకుండా అంటే ఆ దినానికి రాజు. రెండూ ఆయనే, రెండూ విన్నవే. కానీ వెనక వరసలో ఉన్నవాళ్లకు అది ఎలా తెలుస్తుంది? ఇమాం తప్పు చదివితే వెనకనుంచి సరిచేసే ఆచారం మాకుంది. నలుగురు ఒక్కసారే "మాలికి" అని అందించారు. జలీల్ తీసుకోలేదు, ముందుకు పోయాడు. తర్వాత చదివిన సూరాలో వాక్యం వాక్యానికీ చివరి "ఆ" ఒరుగుతుంటే వెనక కలవరం మొదలైంది. సలాం చెప్పి నమాజు ముగించగానే మసీదు బాగోగులు చూసే ముతవల్లి కాదర్ బాషా ఇంకొకరిని ముందు నిలబెట్టి అందరిచేతా మళ్లీ నమాజు చేయించాడు. ఎండెక్కేసరికి "జలీల్ కొత్త ఖురాన్ తెచ్చినాడంట" అని వీధంతా పాకిపోయింది.

ముతవల్లి నాకు ఫోన్ చేశాడు. ఆయనకు అగ్గిపెట్టెల ఫ్యాక్టరీ ఉంది, మాట కూడా గీస్తే అంటుకునేదే.

"మీ శిష్యుడు ఏం చేసినాడో తెలుసునా హజరత్? ఫోన్‌లో తీసి పది మంది ఖారీలవి ఇన్నాము, యాడా అట్ల లేదు. వాడు మూట కట్టుకోవాల్సిందే."

బస్సెక్కి గుడియాత్తం వెళ్లాను. జలీల్ మసీదు పక్క గదిలో గోడకానుకొని కూర్చున్నాడు. మూట నిజంగానే కట్టి ఉంది.

"ఎందుకు చదివినావు రా?"

"చదవకపోతే మరిచిపోతా హజరత్. ఇది కూడా ప్రవక్త దగ్గరనించి వచ్చిందే కదా. దాచి పెట్టుకోడానికా నేర్చుకునింది?"

వాడి మీద కోపం, వాడి చదువు మీద గర్వం, రెండూ ఒక్కసారే వచ్చి మీద పడ్డాయి. "నీ చదువు తప్పు కాదు, నువ్వు చదివిన చోటు తప్పు" అని మాత్రం అన్నాను.

ముతవల్లిని కూర్చోబెట్టి చెప్పాను, ఇది అసలైన పఠనమే, నేనే నేర్పాను అని. ఆయన మూర్ఖుడు కాదు. కాసేపు గడ్డం నిమురుకున్నాడు.

"నిజమే కావచ్చు హజరత్. నిజమైతే మాకు ముందే ఎందుకు చెప్పలే? వెనకాల నిలబడేది మేము కదా. పరవాలే, ఒక మాట చెప్తా. హుస్సేనమ్మవ్వ ఒప్పుకుంటే వాడు ఉండనీ. వీధంతా ఆ అమ్మ దగ్గర చదివినోళ్లే, నాతో సేర్చి. పొద్దున్నించి ఆ అమ్మ తలుపు మూసేసి ఉండాది. పిల్లోళ్లందర్నీ ఎనక్కి అంపేసింది."

తలుపు మూసుకున్న బడి

హుస్సేనమ్మవ్వ గురించి చెప్పాలి. మా వీధిలో ఖురాన్ అక్షరాలు ఎవరు నేర్చుకున్నా ఆమె దగ్గరే. నేనూ, ముతవల్లీ, జలీల్, జలీల్ వాళ్ల అమ్మా, అందరం. పిల్లలు బడి నుంచి రాగానే ఆమె ఇంట్లో చాప మీద కూర్చునేవాళ్లు. ఆమె బొంత కుడుతూనే ఉండేది. చేతులు సూది మీద, చెవులు మా మీద. పుస్తకం చూడకుండానే ఎవడెక్కడ జారాడో పట్టుకునేది. తెలుగు చదవడం రాదు, అరబ్బీకి అర్థం తెలియదు. వాళ్లమ్మ చెప్పింది ఆమె మాకు చెప్పింది.

ఆమె ఇంటి గోడ మసీదు గోడకు ఆనుకొని ఉంటుంది. ఆ ఫజర్ ఆమె కూడా విన్నది.

నేను వెళ్లేసరికి తలుపు ఓరగా తీసి, తెర అవతల కూర్చుంది. పక్కన కోడలు రజియా ఉంది. నేను బయట తిన్నె మీద కూర్చున్నాను. జలీల్ మెట్ల దగ్గర నిలబడ్డాడు.

"మస్తానూ, వచ్చినావా అప్పా."

"వచ్చినా అవ్వా. పిల్లోళ్లని ఎందుకు అంపేసినావు?"

"నా దగ్గర తప్పు చదువు ఉండాది నాయనా. తప్పు చదువు చెప్పి పాపం కట్టుకోవాల్నా?"

ఊరంతా జలీల్ తప్పు చదివాడనుకుంటే ఈమె తిరగేసి అనుకుంది. జలీల్ వేలూరులో చదివాడు, నా దగ్గర చదివాడు, వాడు తప్పు చదవడు. వాడు "మలికి" అన్నాడంటే తాను జన్మంతా చెప్పిన "మాలికి" తప్పు. అదీ ఆమె లెక్క.

"నా కూతురు ఫాతిమా కండ్లు మూసేదానికి ముందర నేను చెప్పిందే చదువుకుంటా పాయె. దానికి ఎవురు దిద్దుతారు మస్తానూ ఇప్పుడు? మట్టిలో ఉండే బిడ్డకి యాడ పొయ్యి దిద్దాల?"

రెండూ సరైనవేనని చెప్పాను. యజమాని అన్నా ఆయనే, రాజన్నా ఆయనే అని చెప్పాను. ఎవరెవరి దగ్గర విన్నామో, నా ఉస్తాద్ నుంచి మొదలుపెట్టి పరంపర చెప్పుకుంటూ పోయాను. ఆమె మధ్యలో అడ్డు రాకుండా అంతా విన్నది. తర్వాత అడిగింది.

"నిన్ను మీ ఉస్తాద్ ఇన్న్యాడు. ఆయన్ని ఇంకొకాయన ఇన్న్యాడు. సరే. నన్ను ఎవురు ఇన్న్యారు?"

జవాబు కూడా తనే చెప్పింది.

"మా అమ్మ ఇన్నది. మా అమ్మని వాళ్లమ్మ. వీధిలో మగోళ్లు పోతా ఉంటే గొంతు తగ్గించుకునేదాన్ని. హజరత్‌లు వచ్చినారు, పోయినారు. ఒకరన్నా 'హుస్సేనమ్మా, నువ్వు చెప్పేది సరిగ్గా ఉండాదా, ఒకసారి చదువు' అన్న్యారా? ఇప్పుడు నువ్వు ఇను. ముసల్దాన్ని, పక్కన కోడలుండాది, తెర ఉండాది. ఇని చెప్పు, సరేనా కాదా."

పరాయి ఆడవాళ్ల పఠనం మగవాళ్లు వినడం మా వైపు పెద్దలు ఒప్పుకునే పని కాదు. నాకు సంకోచం కలిగింది. కానీ ఆ అడుగుతున్నది నాకు అక్షరం పెట్టిన మనిషి. "చదువు అవ్వా" అన్నాను.

తెర అవతలి నుంచి

ఆమె ఫాతిహా చదివింది. దీర్ఘాలన్నీ ఉన్నచోట ఉన్నాయి. ఆగాల్సిన చోట ఆగింది. "మాలికి" నిండుగా వచ్చింది. కానీ మొదటి మాట "అల్‌హమ్దు"లోనే ఒక హ ఉంది. అది గొంతు మధ్యలోంచి, ఒరుసుకుంటూ రావాలి. ఆమెది అడుగునుంచి, ఉత్త ఊపిరిలా వచ్చింది. ప్రతి చోటా అలాగే వచ్చింది. మా దూదేకుల ఇళ్లలో అందరిదీ అదే హ. తెలుగు నోటికి ఉన్నది ఆ ఒక్క హ మరి.

నా వేలు దానంతటది తిన్నె మీద తట్టింది.

ఆమె ఆగింది. "ఏందది సప్పుడు?"

జలీల్ నావైపు చూశాడు. వాడి కళ్లలో ఏముందో నాకు తెలుసు. "అంతా సరిగ్గా ఉండాది అవ్వా" అని నేనొక్క మాట అంటే ఆమె తలుపు తెరుస్తుంది, ముతవల్లి చల్లబడతాడు, వాడు మూట విప్పుకోవచ్చు. కాదంటే, ఈ వయసులో ఆమె ఇంక ఎప్పటికీ నోరు విప్పకపోవచ్చు. నాకు నిజంగా భయమేసింది. అయితే వినమని అడిగినవాళ్లకు తప్పును ఒప్పని చెబితే ఇంక నేను చేసిన పనికి అర్థమేముంది?

"మాలికి సరే అవ్వా. దాంట్లో అనుమానమే వద్దు. హ మాత్రం సరిగ్గా లేదు. గొంతు మధ్యలోనించి రావాల."

తెర అవతల రజియా ఏదో అనబోతే ఆమె ఆపింది.

"అంటే ఈ వీధంతా?"

"వీధంతా అవ్వా."

"నీకు?"

"నాకూ అట్లే ఉండె. వేలూరు పొయినాక దిద్దినారు. ఎప్పుడూ తట్టి ఊరుకునే మా ఉస్తాద్ ఆ ఒక్కసారి కండ్లద్దాలు తీసిచ్చి తుడవమన్న్యారు. నేను అద్దం మీద ఊదినా. 'ఆ ఒరుసుకొచ్చే ఊపిరితోనే అను, అదే హ' అన్న్యారు."

"మరి అప్పుడే వచ్చి నాకు చెప్పొద్దా రా?"

"తప్పు నా నాలికదే అనుకున్నా అవ్వా. నువ్వు సరిగ్గానే చెప్పింటావు, నేనే సరిగ్గా ఇనలేదు అనుకున్నా."

మెట్ల దగ్గర నుంచి జలీల్ మెల్లగా అన్నాడు: "నేనూ అట్లే అనుకున్నా అవ్వా."

ఆమె నవ్విందో ఏడ్చిందో తెర వల్ల తెలియలేదు. "మంచోళ్లప్పా మీరు. మీ మంచితనంతో ఇన్ని నోళ్లు చెడిపాయె" అన్నది.

తర్వాత ఫాతిమా మాట మళ్లీ ఎత్తింది. నేను ఫత్వాలిచ్చే మనిషిని కాను. కానీ ఆ సంగతి నాకు తెలుసు. తెలియక చదివినదానికి పట్టింపు లేదు, తెలిసినాక దిద్దుకోకపోతేనే పట్టింపు అని చెప్పాను. ఆమె ఇంకేమీ అడగలేదు. కాసేపటికి తెర వెనక నుంచి ఒక ఊపిరి చప్పుడు వినబడింది. కళ్లద్దాల మీద ఊదుతోంది. మళ్లీ ఊదింది. "హ" అన్నది. సరిగ్గా రాలేదు. మళ్లీ ఊదింది.

వీధిలో పాఠం

ఆ రోజు నుంచి రోజూ సాయంత్రపు అసర్ నమాజు అయ్యాక జలీల్ ఆ తిన్నె మీద కూర్చొని విన్నాడు. మూట విప్పమని ఎవరూ చెప్పలేదు, తీసుకుపొమ్మనీ చెప్పలేదు. ముతవల్లి చూసీ చూడనట్టు ఊరుకున్నాడు. హ రావడానికి ఆమెకు చాలా రోజులు పట్టింది. ముసలి గొంతు, జన్మకాలపు అలవాటు. తట్టినప్పుడల్లా జలీల్‌ని తిట్టేదట. "నా దగ్గర మొట్టికాయలు తిన్నోడివి, నాకే తడతావా" అని తిట్టి, మళ్లీ చదివేదట.

హ వచ్చింది. వచ్చినా బడి తెరవలేదు. ముందు చేయాల్సిన పని ఇంకొకటి ఉందన్నది.

కోడల్ని వెంటబెట్టుకొని వీధిలోకి బయలుదేరింది. తలుపు తలుపూ తట్టింది. తన దగ్గర చదివి ఇప్పుడు అవ్వలైపోయినవాళ్లు సంగటి కెలుకుతూ ఆ గరిటె పట్టుకొనే ఆమె ముందు నిలబడ్డారు. "నీకు ఈ హ తప్పు చెప్పినా అమ్మా. నాకు తెలీలే. ఇప్పుడు నా ఎనకాల అను" అన్నది. వాళ్లు అన్నారు. వచ్చేదాకా కదల్లేదు. రానివాళ్లకు మర్నాడు మళ్లీ వస్తానని చెప్పి, వచ్చింది. ముతవల్లి ఫ్యాక్టరీకి వెళ్లి, పనివాళ్ల ముందే, "కాదరూ, అల్‌హమ్దు అను" అన్నది. ఆ మహానుభావుడు చేతులు కట్టుకొని అన్నాడట. మూడోసారికి గానీ వదల్లేదట.

ఇది నాకు ముతవల్లే ఫోన్ చేసి చెప్పాడు. "ఆ అమ్మే దిద్దుకుంటా ఉంటే ఇంగ మేము ఎవురి మీద ఎగరాల హజరత్? జలీల్ ఉండనీ" అన్నాడు. నమాజులో హఫ్స్ తప్ప ఇంకేదీ చదవకూడదని షరతు పెట్టాడు. జలీల్ ఒప్పుకున్నాడు, ఒప్పుకోమని నేనూ చెప్పాను. దాంతోపాటు శుక్రవారం సాయంత్రాలు ఇష్టమున్నవాళ్లకు ఖిరాఅత్‌లంటే ఏమిటో చెప్పడానికి వాడికి చోటిచ్చారు. మొదటి వారం వాళ్ల నాయన ఒక్కడే వచ్చాడట. ఇప్పుడు కొంతమంది వస్తున్నారు.

ఉస్తాద్ చెప్పిన రెండో మాట గురించి నా అభిప్రాయం రాసేస్తాను. తెలియని జనం ముందు తెలియని పఠనం చదవొద్దు, నిజమే. కానీ ఆ మాట పట్టుకొని మేం జనానికి తెలియజెప్పడం అనే పనిని ఎగ్గొట్టాం. మేం ఒకరినొకరు వింటూ, ఒకరికొకరు సనద్‌లు ఇచ్చుకుంటూ కూర్చున్నాం. వీధుల్లో పిల్లలకు అక్షరం పెట్టే ఆడవాళ్లను ఎవరం వినలేదు. మీరు ఈ పనికి వస్తే, ఎంత అందంగా చదువుతారో నాకు అక్కర్లేదు. మీ వీధిలో ఎవరెవరిని ఎవరూ వినలేదో ముందు వెతకండి.

తర్వాత కొన్నాళ్లకు హుస్సేనమ్మవ్వ కళ్లు చూపించుకోడానికి వేలూరు ఆస్పత్రికి వచ్చింది. అక్కడినుంచి ఆటోలో నేరుగా మదరసాకు వచ్చింది. నేను తరగతిలో ఉన్నాను. గుమ్మంలో రజియా భుజం పట్టుకొని నిలబడింది. పిల్లలంతా లేచారు.

"లోపలికి రా అవ్వా. బడి తెరిచినావా?"

"ఇంగా లేదు. ఒకడు మిగిలిండాడు."

"ఎవురు?"

"నువ్వే. నీకు చెప్పిందీ నేనే కదా."

నాది ఎప్పుడో మా ఉస్తాద్ దిద్దారని గుర్తుచేశాను. రజియా ఆమెను చాప మీద కూర్చోబెట్టింది. పిల్లలు నోరు తెరుచుకొని చూస్తున్నారు.

"ఆయన దిద్దినాడు. నేను దిద్దినానా? తప్పు చెప్పినోళ్లు ఇనొద్దా? కూర్చో. అను."

నేను బల్ల మీది పుస్తకం మూసి, చాప మీదికి దిగి, ఆమె ముందు చిన్నప్పటిలాగే మోకాళ్లు మడిచి కూర్చున్నాను. ఫాతిహా చదివాను. ఆమె తల కొంచెం నా వైపు వంచి, చేతులు ఊరికే ఒళ్లో పెట్టుకొని విన్నది. మొదటి మాట మళ్లీ అనమంది. అన్నాను. ఇంకోసారి అనమంది. అన్నాను.

"ఊఁ. సరిగ్గా ఉండాది" అన్నది. "ఇంగ నువ్వు పిల్లోళ్లకు చెప్పుకో."